ఆఫ్రికా ఒక దేశం కాదు – 54 దేశాలు



వార్షికోత్సవ సంచికలో జనరల్ నాలెడ్జి వ్యాసం కోసం మేము ఈసారి ఆఫ్రికా ఖండాన్ని ఎంచుకున్నాం. దానికి కారణం ఉంది. పోటీ పరీక్షల పుస్తకాలలో ‘దేశాలు – రాజధానులు – కరెన్సీలు’ అనే పట్టిక తప్పకుండా ఉంటుంది. ఆసియా, యూరప్ దేశాల వరకు అందరూ ఓపికగా చదువుతారు. ఆఫ్రికా వచ్చేసరికి నోరు తిరగని పేర్లు చూసి చాలామంది పేజీ తిప్పేస్తారు. గ్రూప్స్, డి.ఎస్.సి., ఎస్.ఐ. పరీక్షలలో ఒక్క మార్కు తేడాతో ఉద్యోగం చేజారిన వాళ్ళు మన మధ్యనే ఉన్నారు. ఆ ఒక్క మార్కు ఈ పేజీలోనే ఉండవచ్చు.

మార్కుల సంగతి ఒక్కటే కాదు. “ఆఫ్రికా” అనగానే మన మనసులో మెదిలేవి ఆకలి, అడవి, అంతర్యుద్ధం. ఒక ఖండాన్ని మొత్తంగా ఒకే మాటలో చెప్పేయడం అక్కడి మనుషుల్ని తెలుసుకోకుండానే తీర్పు చెప్పడం. అలాంటి తీర్పు ఎంత బాధ పెడుతుందో సాంఘిక సంక్షేమ హాస్టల్ విద్యార్థులకు ఎవరూ విడమరచి చెప్పనవసరం లేదు.

అందుకే ఈ వ్యాసంలో మేము ఒక పద్ధతి పాటించాం. దేశం పేరును బట్టీ పట్టడం కాకుండా, ఆ పేరు ఎలా వచ్చిందో, ఆ సరిహద్దు ఎవరు గీశారో చెప్పాం. కథ తెలిసిన పేరు పరీక్ష హాలులో మరపు రాదు.

1. ముందుగా పటం చూద్దాం

ఖండాలలో ఆసియా తరువాత పెద్దది ఆఫ్రికా. వైశాల్యం సుమారు 3 కోట్ల 3 లక్షల చదరపు కిలోమీటర్లు. అంటే మన భారతదేశానికి తొమ్మిది రెట్లు. జనాభా 2024 నాటికి సుమారు 150 కోట్లు. అంటే ఇంచుమించు మన దేశ జనాభా అంతే. తొమ్మిది భారతదేశాలంత నేల మీద ఒక భారతదేశమంత జనం ఉన్నారని గుర్తు పెట్టుకుంటే చాలు.

గోడ మీద వేలాడే ప్రపంచ పటాలలో చాలావాటిలో గ్రీన్‌లాండ్, ఆఫ్రికా దాదాపు ఒకే పరిమాణంలో కనిపిస్తాయి. నిజానికి ఆఫ్రికా గ్రీన్‌లాండ్ కంటే 14 రెట్లు పెద్దది. గుండ్రని భూమిని చదునైన కాగితం మీదికి తెచ్చే ఆ పద్ధతిలో ధ్రువాల దగ్గరి ప్రాంతాలు సాగిపోయి పెద్దవిగా కనిపిస్తాయి. భూమధ్యరేఖ దగ్గరి ప్రాంతాలు వాటి పక్కన చిన్నబోతాయి. పటం చూసేటప్పుడు ఈ సంగతి మనసులో ఉంచుకోవాలి.

కర్కటరేఖ, భూమధ్యరేఖ, మకరరేఖ మూడూ పోయే ఏకైక ఖండం ఆఫ్రికా. 0 డిగ్రీల రేఖాంశం కూడా ఈ ఖండం మీదుగానే పోతుంది. ఉత్తరాన మధ్యధరా సముద్రం, పడమర అట్లాంటిక్ మహాసముద్రం, తూర్పున హిందూ మహాసముద్రం, ఈశాన్యాన ఎర్ర సముద్రం ఉన్నాయి. స్పెయిన్‌కు, మొరాకోకు మధ్య జిబ్రాల్టర్ జలసంధి వెడల్పు ఒకచోట 14 కిలోమీటర్లే. ఆసియా నుండి ఆఫ్రికాను వేరు చేసే సూయజ్ కాలువను 1869లో తెరిచారు. 1956లో ఈజిప్టు అధ్యక్షుడు నాసర్ దానిని జాతీయం చేశాడు.

ఖండం దక్షిణ కొన ఏది? చాలామంది గుడ్ హోప్ అగ్రం అని రాస్తారు. సరైన జవాబు అగుల్హాస్ అగ్రం.

ఐక్యరాజ్యసమితిలో సభ్యత్వం ఉన్న ఆఫ్రికా దేశాలు 54. ఆఫ్రికన్ యూనియన్‌లో మాత్రం 55 సభ్యులు. పశ్చిమ సహారాకు చెందిన సహ్రావీ అరబ్ గణతంత్రానికి అక్కడ సభ్యత్వం ఉండడమే ఈ తేడాకు కారణం. ప్రశ్నలో ఏ సంస్థ పేరు ఉందో చూసి జవాబు రాయాలి.

2. ఎడారి, నదులు, పర్వతం

సహారా ప్రపంచంలో అతి పెద్ద ఉష్ణ ఎడారి. దాని వైశాల్యం సుమారు 92 లక్షల చదరపు కిలోమీటర్లు. దక్షిణాన కలహారి, నమీబ్ ఎడారులు ఉన్నాయి. నమీబ్ ఎడారి పేరు మీదుగానే నమీబియా దేశానికి ఆ పేరు వచ్చింది.

నైలు నది పొడవు సుమారు 6,650 కిలోమీటర్లు. అది దక్షిణం నుండి ఉత్తరానికి పారి మధ్యధరా సముద్రంలో కలుస్తుంది. విక్టోరియా సరస్సు ప్రాంతం నుండి వచ్చే తెల్ల నైలు, ఇథియోపియాలోని తానా సరస్సు నుండి వచ్చే నీలి నైలు సూడాన్ రాజధాని ఖార్టూమ్ వద్ద కలుస్తాయి. నీలి నైలు మీద ఇథియోపియా కట్టిన భారీ ఆనకట్టను 2025లో ప్రారంభించారు. దిగువనున్న సూడాన్, ఈజిప్టులతో నీటి వివాదం చాలా ఏళ్ళుగా నడుస్తోంది. కృష్ణా జలాల తగాదాలు వింటూ పెరిగిన మనకు ఇది సులువుగానే అర్థమవుతుంది.

భూమధ్యరేఖను రెండుసార్లు దాటే నది కాంగో. జాంబెజి నది మీద జాంబియా, జింబాబ్వే సరిహద్దులో విక్టోరియా జలపాతం ఉంది. అక్కడివారు దానిని ‘మోసి ఓవా తున్యా’ అంటారు. ఉరిమే పొగ అని దాని అర్థం. ఆఫ్రికాలో అతి పెద్ద సరస్సు విక్టోరియా. ఉగాండా, కెన్యా, టాంజానియాలు దానిని పంచుకుంటున్నాయి.

ఆఫ్రికాలో అతి ఎత్తయిన శిఖరం టాంజానియాలోని కిలిమంజారో. ఎత్తు 5,895 మీటర్లు. దీనిని మనం సులువుగా గుర్తుంచుకోవచ్చు. నిజామాబాద్ జిల్లాకు చెందిన సాంఘిక సంక్షేమ గురుకుల విద్యార్థిని మాలావత్ పూర్ణ 2014 మే 25న, పద్నాలుగేళ్ళు నిండకముందే ఎవరెస్టు ఎక్కింది. 2016లో కిలిమంజారో ఎక్కింది. ఇంకో విశేషం చూడండి. ఆఫ్రికా దేశాలు అడిస్ అబాబాలో ఆఫ్రికా ఐక్యతా సంస్థను స్థాపించుకున్నది 1963 మే 25న. అందుకే మే 25ను ఆఫ్రికా దినోత్సవంగా జరుపుకుంటారు. పూర్ణ ఎవరెస్టు ఎక్కిన తేదీ గుర్తుంటే ఆఫ్రికా దినోత్సవం గుర్తున్నట్లే. ఆ సంస్థ స్థానంలోనే 2002లో ఆఫ్రికన్ యూనియన్ వచ్చింది. దాని కేంద్ర కార్యాలయం కూడా అడిస్ అబాబాలోనే ఉంది. 2023 సెప్టెంబరులో ఢిల్లీలో జరిగిన సమావేశంలో ఆఫ్రికన్ యూనియన్ జి-20లో సభ్యత్వం పొందింది.

3. మన కంచంలో ఆఫ్రికా

ఆఫ్రికాతో మనకేం సంబంధం అని అడిగేవారికి మొదటి జవాబు మన కంచంలోనే ఉంది. జొన్న పుట్టిల్లు ఈశాన్య ఆఫ్రికా. రాగులు తూర్పు ఆఫ్రికా ఎత్తు ప్రాంతాల పంట. సజ్జలు సహారా దక్షిణపు అంచున ఉన్న సాహెల్ ప్రాంతం నుండి వచ్చాయి. ఇవన్నీ వేల ఏళ్ళ కిందటే మన దేశానికి చేరాయి. అలసందలు, పుచ్చకాయ, ఆముదం కూడా ఆఫ్రికా మూలం ఉన్నవే. చింతచెట్టు సొంత నేల కూడా ఆఫ్రికాయే. చింతపండును అరబ్బులు ‘హిందూదేశపు ఖర్జూరం’ అన్నారు. ఇంగ్లీషు పేరు ఆ మాట నుండే వచ్చింది. పేరు మనది, పుట్టుక ఆఫ్రికాది.

అరకులో గిరిజన రైతులు పండించే అరబికా కాఫీ మొక్కకు జన్మభూమి ఇథియోపియా. అన్నింటికన్నా పెద్ద సంగతి, మనిషి పుట్టిల్లు కూడా ఆఫ్రికాయే. 1974లో ఇథియోపియాలో దొరికిన ‘లూసీ’ అస్థిపంజరం వయసు సుమారు 32 లక్షల ఏళ్ళు. మొరాకోలోని జెబెల్ ఇర్హూద్ వద్ద దొరికిన మానవ అవశేషాలు సుమారు 3 లక్షల ఏళ్ళ నాటివని 2017లో శాస్త్రవేత్తలు తేల్చారు. ఏ కులం వాడైనా, ఏ రంగు వాడైనా, ఎంత వెనక్కి వెళ్ళినా చేరేది అక్కడికే.

4. గీతలు గీసింది ఎవరు?

ఆఫ్రికా పటంలో కొన్ని సరిహద్దులు స్కేలు పెట్టి గీసినట్లు తిన్నగా ఉంటాయి. నది వంపులు, కొండల వరుసలు, మనుషుల భాషలు తిన్నటి గీతలుగా ఉండవు కదా! మరి ఈ గీతలు ఎలా వచ్చాయి?

1884 నవంబరు నుండి 1885 ఫిబ్రవరి వరకు జర్మనీ రాజధాని బెర్లిన్‌లో ఒక సమావేశం జరిగింది. బిస్మార్క్ ఆధ్వర్యంలో 14 దేశాలు పాల్గొన్నాయి. ఆఫ్రికా నేలను ఆక్రమించుకునేటప్పుడు తమలో తాము పాటించవలసిన నియమాలను అక్కడ రాసుకున్నారు. ఆ గదిలో ఆఫ్రికా వాడు ఒక్కడూ లేడు. తరువాత 30 ఏళ్ళలో ఖండం దాదాపు మొత్తం ఐరోపా దేశాల చేతిలోకి పోయింది. బెల్జియం రాజు రెండవ లియోపోల్డ్ కాంగోను 1885 నుండి 1908 వరకు తన సొంత ఆస్తిగా అనుభవించాడు. ఆ కాంగో బెల్జియం కంటే 70 రెట్లకు పైగా పెద్దది. రబ్బరు కోసం అక్కడి ప్రజలను పెట్టిన హింస చరిత్రలో మచ్చగా మిగిలింది.

1914 నాటికి పరాయి పాలనలో లేని దేశాలు రెండే: ఇథియోపియా, లైబీరియా. 1896లో అడువా యుద్ధంలో ఇథియోపియా సైన్యం ఇటలీని ఓడించింది. 1936 నుండి 1941 వరకు ఇటలీ ఆ దేశాన్ని ఆక్రమించినా నిలుపుకోలేకపోయింది. 1960లో అదే ఇటలీ రాజధాని రోమ్ వీధుల్లో ఇథియోపియా పరుగువీరుడు అబెబె బికిలా చెప్పులు లేని కాళ్ళతో మారథాన్ పరుగెత్తి ఒలింపిక్ స్వర్ణం గెలిచాడు. ఇక లైబీరియాను స్థాపించింది అమెరికా నుండి వచ్చిన, బానిసత్వం నుండి విముక్తి పొందిన నల్లజాతివారు. అది 1847లోనే స్వతంత్రం ప్రకటించుకుంది. అమెరికా అధ్యక్షుడు మన్రో పేరు మీద రాజధానికి మన్రోవియా అని పేరు పెట్టారు.

బెర్లిన్ తరువాత గీసిన గీతల ఫలితం నేటికీ ఉంది. సెనెగల్ దేశం మధ్యలో నది వెంట సన్నని పట్టీలా గాంబియా ఉంటుంది. నది బ్రిటన్‌కు, చుట్టూ నేల ఫ్రాన్స్‌కు దక్కడం వల్ల అలా అయింది. సోమాలీ భాష మాట్లాడేవారు సోమాలియా, ఇథియోపియా, కెన్యా, జిబౌటి దేశాలలో విడివిడిగా ఉండిపోయారు. సముద్ర తీరం లేని దేశాలు ఆఫ్రికాలో 16 ఉన్నాయి. 1993లో ఎరిత్రియా విడిపోయాక ఇథియోపియాకు రేవు లేకుండా పోయింది. ఇప్పుడు దాని సరుకులు ఎక్కువగా జిబౌటి రేవు ద్వారా నడుస్తాయి. లెసోతో చుట్టూ దక్షిణాఫ్రికా ఒక్కటే ఉంది.

5. సొంత పేరు పెట్టుకున్న దేశాలు

ఐరోపా వర్తకులు పశ్చిమ ఆఫ్రికా తీరానికి పెట్టిన పేర్లు చూడండి: దంతపు తీరం, బంగారు తీరం, బానిసల తీరం. అక్కడ ఏ సరుకు దొరికితే అదే పేరు. నదిలో రొయ్యలు కనిపించాయని పోర్చుగీసువారు పెట్టిన పేరు నుండి కామెరూన్ వచ్చింది. సెసిల్ రోడ్స్ అనే వ్యాపారి పేరు మీద రెండు రొడీషియాలు వెలిశాయి. అక్కడ ఉన్న మనుషులు తమను తాము ఏమని పిలుచుకుంటున్నారో ఎవరూ అడగలేదు.

మన తాతల కాలంలో ఎల్లయ్యను “ఎల్లిగా” అని, రామయ్యను “రామిగా” అని పిలిచిన ఊళ్ళు ఎన్నో ఉన్నాయి. పూర్తి పేరుతో పిలిపించుకోవడానికి ఒక తరం చదువుకోవలసి వచ్చింది. అందుచేత ఈ కింది పట్టికను కేవలం బిట్ల కోసం చదవకండి.

బంగారు తీరం 1957 మార్చి 6న క్వామే ఎన్‌క్రుమా నాయకత్వంలో స్వతంత్రం పొంది, ప్రాచీన సామ్రాజ్యం పేరుతో ఘనా అయింది.
ఫ్రెంచి సూడాన్ 1960లో మాలి అయింది.
టాంగన్యికా, జాంజిబార్ 1964లో కలిసి టాంజానియా అయ్యాయి. రెండు పేర్ల మొదటి అక్షరాలు కలిపి చూడండి.
ఉత్తర రొడీషియా 1964లో జాంబియా అయింది. జాంబెజి నది పేరు అది.
న్యాసాలాండ్ 1964లో మలావి అయింది.
బెచువానాలాండ్ 1966లో బోట్స్వానా, బసుటోలాండ్ అదే సంవత్సరం లెసోతో అయ్యాయి.
దహోమీ 1975లో బెనిన్ అయింది.
దక్షిణ రొడీషియా 1980లో జింబాబ్వే అయింది. రాతి ఇళ్ళు అని అర్థం.
అప్పర్ వోల్టా 1984లో థామస్ సంకారా కాలంలో బుర్కినా ఫాసో అయింది. నిజాయితీపరుల భూమి అని అర్థం.
నైరుతి ఆఫ్రికా 1990లో నమీబియా అయింది.
స్వాజీలాండ్ 2018లో ఎస్వాతిని అయింది. స్వాజీల భూమి అని అర్థం.

జింబాబ్వే పేరు వెనుక ఇంకో సంగతి ఉంది. అక్కడ గ్రేట్ జింబాబ్వే అనే పాత నగరపు భారీ రాతి గోడలు ఉన్నాయి. ఇంత గొప్ప కట్టడాలను నల్లవాళ్ళు కట్టి ఉండరని తెల్ల పాలకులు చాలా కాలం వాదించారు. పురావస్తు పరిశోధకులు అవి షోనా ప్రజల పూర్వీకులు కట్టినవేనని తేల్చారు. స్వతంత్రం వచ్చాక ప్రజలు ఆ గోడల పేరునే దేశానికి పెట్టుకున్నారు.

1960లో ఒక్క సంవత్సరంలోనే 17 దేశాలు స్వతంత్రం పొందాయి. అందుకే దానిని ‘ఆఫ్రికా సంవత్సరం’ అంటారు. ఎనిమిదేళ్ళ యుద్ధం తరువాత 1962లో అల్జీరియా, 1975లో అంగోలా, మొజాంబిక్ విముక్తి పొందాయి. అన్నింటికన్నా కొత్త దేశం దక్షిణ సూడాన్. అది 2011 జులై 9న ఏర్పడింది. రాజధాని జుబా. అంతవరకు వైశాల్యంలో సూడాన్ ఆఫ్రికాలో పెద్దది. విభజన తరువాత ఆ స్థానం అల్జీరియాకు వచ్చింది. పాత పుస్తకాలలో ఇంకా సూడాన్ అనే ఉంటుంది, జాగ్రత్త!

6. తికమక పెట్టే జంటలు

పరీక్షలో ప్రశ్న తయారుచేసేవారికి ఇష్టమైన పేర్లు ఇవి. పక్కపక్కన పెట్టి చదివితే తేడా తెలుస్తుంది.

నైజర్ – నియామే. నైజీరియా – అబుజా.
మాలి – బమాకో. మలావి – లిలాంగ్వే.
జాంబియా – లుసాకా. గాంబియా – బంజుల్.
లిబియా – ట్రిపోలి. లైబీరియా – మన్రోవియా.
మారిటానియా – నువాక్షోట్; మారిషస్ – పోర్ట్ లూయీ.
కాంగో గణతంత్రం – బ్రజావిల్. కాంగో ప్రజాస్వామ్య గణతంత్రం – కిన్షాసా.

చివరి రెండు రాజధానులు కాంగో నదికి ఇరువైపులా ఎదురెదురుగా ఉంటాయి. కాంగో ప్రజాస్వామ్య గణతంత్రాన్ని 1971 నుండి 1997 వరకు జైర్ అనేవారు.

గినీలు ఆఫ్రికాలో మూడు. గినీ రాజధాని కొనాక్రి, గినీ బిస్సావు రాజధాని బిస్సావు. మూడవది ఈక్వటోరియల్ గినీ. అక్కడ స్పానిష్ అధికార భాష. పాపువా న్యూ గినీ ఆఫ్రికా దేశం కాదు.

రాజధాని మార్చుకున్న దేశాలు కూడా ముఖ్యమే. నైజీరియా 1991లో లాగోస్ నుండి అబుజాకు మారింది. కోట్ డివార్, అంటే ఐవరీ కోస్ట్, 1983లో యమసుక్రోను రాజధానిగా ప్రకటించుకుంది. అయినా పెద్ద నగరం అబిజానే. టాంజానియా రాజధాని దొదోమా, దార్ ఎస్ సలాం కాదు. దక్షిణాఫ్రికాకు మూడు రాజధానులు. ప్రభుత్వ పాలనకు ప్రిటోరియా, చట్టసభకు కేప్‌టౌన్, న్యాయానికి బ్లూమ్‌ఫాంటేన్.

కరెన్సీలలో ఘనా సెడి, నైజీరియా నైరా, దక్షిణాఫ్రికా రాండ్, ఇథియోపియా బిర్, జాంబియా, మలావిల క్వాచా, కెన్యా, ఉగాండా, టాంజానియాల షిల్లింగ్ తెలిసి ఉండాలి. మారిషస్, సీషెల్స్ దేశాల కరెన్సీ పేరు రూపాయి. బోట్స్వానా కరెన్సీ పేరు పులా. పులా అంటే వాన. కలహారి ఎడారి దేశంలో వానకన్నా విలువైనది ఏముంటుంది? కరువు సీమల నుండి వచ్చిన మన మిత్రులు ఈ పేరు జన్మలో మరచిపోరు.

7. పాఠశాల పిల్లల పోరాటం

దక్షిణాఫ్రికాలో 1948 నుండి వర్ణవివక్షను ప్రభుత్వమే చట్టంగా అమలు చేసింది. 1950 చట్టం ప్రకారం ప్రతి మనిషినీ జాతిని బట్టి నమోదు చేశారు. ఎవరు ఎక్కడ నివసించాలో ఇంకో చట్టం చెప్పింది. 1953లో వచ్చిన బంటూ విద్యాచట్టం నల్లజాతి పిల్లలకు తక్కువ రకం చదువును కేటాయించింది. కూలి పనికి ఎంత చదువు కావాలో అంతే చెప్పాలన్నది దాని ఉద్దేశం.

గణితం వంటి సబ్జెక్టులను పాలకుల భాష ఆఫ్రికాన్స్‌లో చదవాలని ఆదేశించినప్పుడు, 1976 జూన్ 16న సొవెటోలో వేలాది పాఠశాల విద్యార్థులు వీధుల్లోకి వచ్చారు. పోలీసులు కాల్పులు జరిపారు. ఆ రోజున, తరువాతి నెలలలో దేశమంతటా వందల మంది చనిపోయారు. వారిలో మన హాస్టల్ పిల్లల వయసు వాళ్ళే ఎక్కువ. జూన్ 16ను 1991 నుండి ఆఫ్రికా బాలల దినంగా పాటిస్తున్నారు.

నెల్సన్ మండేలా 27 ఏళ్ళు జైలులో గడిపి 1990 ఫిబ్రవరి 11న విడుదలయ్యాడు. అదే ఏడాది భారత ప్రభుత్వం ఆయనకు భారతరత్న ఇచ్చింది. 1993లో డిక్లర్క్‌తో కలిసి నోబెల్ శాంతి బహుమతి పొందాడు. 1994 మే 10న దేశాధ్యక్షుడయ్యాడు.

అదే 1994లో రువాండాలో నూరు రోజులలో సుమారు 8 లక్షల మందిని చంపారు. వారిలో అత్యధికులు టుట్సీలు. హుటూ, టుట్సీ అనే తేడా ముందునుండీ ఉన్నా, దానిని 1930లలో గుర్తింపు కార్డు మీద రాసి గట్టిపరచింది బెల్జియం పాలకులు. చంపేవాళ్ళు దారికాచి ఆ కార్డులే అడిగారు. మారణకాండ తరువాత కార్డుల మీద ఆ గడిని తీసివేశారు. 2008లో మహిళలు సగానికి మించి ఉన్న తొలి పార్లమెంటు ప్రపంచంలో రువాండాలోనే ఏర్పడింది. కూలిపోయిన దేశం లేచి నిలబడగలదనడానికి ఇది ఉదాహరణ. అన్ని కష్టాలూ తీరాయని మేము చెప్పడం లేదు. సూడాన్‌లో 2023 ఏప్రిల్‌లో మొదలైన యుద్ధం లక్షల కుటుంబాలను ఇల్లు వదిలి పోయేలా చేసింది.

8. సంపద ఉన్నా పేదరికం ఎందుకు?

సెల్‌ఫోన్ బ్యాటరీలో వాడే కోబాల్ట్‌లో సగానికి పైగా కాంగో ప్రజాస్వామ్య గణతంత్రం గనుల నుండే వస్తుంది. ప్లాటినం ఉత్పత్తిలో దక్షిణాఫ్రికా, కోకో గింజలలో కోట్ డివార్ ప్రపంచంలో మొదటివి. అయితే ముడిసరుకు చవకగా బయటికి పోతుంది. బ్యాటరీ, చాక్లెట్ తయారయ్యేది, లాభం మిగిలేది వేరే చోట. పత్తి అమ్ముకుని చొక్కా కొనుక్కునే రైతు బిడ్డకు ఈ లెక్క కొత్త కాదు. వలస పాలకులు వేసిన రైలు మార్గాలు కూడా చాలావరకు గని నుండి రేవుకే ఉన్నాయి, పొరుగు దేశానికి కాదు.

దీనికి భిన్నమైన ఉదాహరణ బోట్స్వానా. 1966లో స్వతంత్రం వచ్చేనాటికి అతి పేద దేశాలలో ఒకటి. 1967లో వజ్రాల గని బయటపడింది. ఆ ఆదాయాన్ని బడులకు, రోడ్లకు, ఆసుపత్రులకు ఖర్చు పెట్టి పైకి వచ్చింది. సంపద భూమిలో ఉండడం ఒక ఎత్తు, అది ఎవరి చేతికి అందుతుందన్నది ఇంకో ఎత్తు.

9. వాళ్ళ దగ్గర మనవాళ్ళు, మన దగ్గర వాళ్ళు

బానిసత్వం రద్దయ్యాక చెరకు తోటలకు కూలీలు కావలసి వచ్చి, 1834 నుండి మారిషస్‌కు మన దేశం నుండి ఒప్పంద కూలీలను తీసుకువెళ్ళారు. కాకినాడ దగ్గరి కోరంగి రేవు పేరు మీదుగా అక్కడ తెలుగువారిని ‘కోరంగీలు’ అనేవారు. కూలీలు దిగిన ఆప్రవాసీ ఘాట్‌ను 2006లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలంగా ప్రకటించింది. 1990లో మూడవ ప్రపంచ తెలుగు మహాసభలు మారిషస్‌లోనే జరిగాయి. దక్షిణాఫ్రికాలోని నటాల్‌కు తొలి ఒప్పంద కూలీల ఓడ మద్రాసు నుండి 1860 నవంబరులో చేరింది. తరువాతి ఓడలలో తెలుగువారూ ఎందరో వెళ్ళారు.

హైదరాబాదులో ఏ.సి. గార్డ్స్ అనే పేట ఉంది. ఏ.సి. అంటే ఆఫ్రికన్ కావల్రీ, అంటే ఆఫ్రికా అశ్వికదళం. నిజాం కొలువులో పనిచేసిన ఆఫ్రికా సైనికుల వారసులు, సిద్దీలు, నేటికీ హైదరాబాదు వాసులే.

10. మీకు మీరే పరీక్ష

1. ఆఫ్రికాలో అత్యధిక జనాభా గల దేశం? – నైజీరియా.
2. వైశాల్యంలో పెద్దది? – అల్జీరియా. చిన్నది? – సీషెల్స్.
3. నోబెల్ శాంతి బహుమతి పొందిన తొలి ఆఫ్రికా వ్యక్తి? – ఆల్బర్ట్ లుతులి, 1960.
4. ఆ బహుమతి పొందిన తొలి ఆఫ్రికా మహిళ? – కెన్యాలో చెట్ల పెంపకాన్ని ఉద్యమంగా నడిపిన వంగారి మాథాయ్, 2004.
5. సాహిత్యంలో నోబెల్ పొందిన తొలి ఆఫ్రికా రచయిత? – నైజీరియాకు చెందిన వోలె షోయింకా, 1986.
6. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శులైన ఆఫ్రికావారు? – ఈజిప్టుకు చెందిన బుత్రోస్ ఘలీ, ఘనాకు చెందిన కోఫీ అన్నన్.
7. ఆఫ్రికాలో ఎన్నికైన తొలి మహిళా అధ్యక్షురాలు? – లైబీరియాకు చెందిన ఎలెన్ జాన్సన్ సర్లీఫ్, 2006లో పదవి చేపట్టారు.
8. ఆఫ్రికా ద్వీప దేశాలు ఎన్ని? – ఆరు: మడగాస్కర్, మారిషస్, సీషెల్స్, కొమొరోస్, కేప్ వెర్డే, సావో తోమే ప్రిన్సిపే.

మిత్రులారా! చివరగా ఒక్క సూచన. హాస్టల్‌లో ఒక్కొక్కరు ఒక్కో దేశాన్ని దత్తత తీసుకోండి. అట్లాసులో దాని చోటు, పేరుకు అర్థం, స్వతంత్రం వచ్చిన సంవత్సరం, అక్కడి ఒక పంట, ఒక మనిషి – ఈ ఐదు సంగతులు నోటుబుక్కులో రాసుకోండి. రోజూ రాత్రి స్టడీ అవర్ ముగిశాక ఒకరు ఐదు నిమిషాలు చెప్పండి. 54 రోజులలో 54 దేశాలు పూర్తవుతాయి. రెండు నెలలు కూడా పట్టదు. చెప్పినవాడికి సభాకంపం పోతుంది, విన్నవాడికి సగం చదువు అక్కడే అయిపోతుంది. పదవ తరగతి వాళ్ళు మొదలుపెడితే ఐదవ తరగతి తమ్ముళ్ళు వెనుకే వస్తారు. ఎవరైనా “ఆఫ్రికా దేశం” అంటే, “ఏ దేశం అన్నా? 54 ఉన్నాయి కదా!” అని అడిగే పిల్లలు మన హాస్టల్ నుండి రావాలని మా కోరిక.